పసుపు సీమకు వచ్చిన జపాను రామాయణము

పసుపు పండించు సీమకు 2025 సంవత్సరపు జనవరి మాసము రెండు విధముల గుర్తుండదగినది. ఆ మాసము 14వ తేదీన, సంక్రాంతి దినముల నడుమ, నిజామాబాదు కేంద్రముగా జాతీయ పసుపు బోర్డు ప్రారంభమైనది. సరిగా పది దినముల పిమ్మట, 24వ తేదీన, ‘రామాయణ : ది లెజెండ్ ఆఫ్ ప్రిన్స్ రామ’ అను జపాను బొమ్మల చిత్రము తెలుగు మాటలతో చిత్రశాలలకు వచ్చినది. మొదటి దానికై ఆర్మూరు, బాల్కొండ ప్రాంతముల రైతులు ఏండ్ల తరబడి పోరాడినారు. 2019 లోక్‌సభ ఎన్నికలలో నూట డెబ్బదికి పైగా రైతులు తామే అభ్యర్థులై నిలిచి, తమ గోడును దేశమంతటికి వినిపించినారు. రెండవ దానికై ఇచట ఎవరును పోరాడలేదు. అది తయారై ముప్పది ఏండ్లు దాటినదన్న సంగతి కూడ పెక్కుమందికి తెలియదు. ఈ రెండింటికి పొత్తు ఏమని పాఠకులు అడుగవచ్చును. పొత్తు కలదు. ఒక నేలలో పుట్టిన సరుకు ఎవరి చేతిలో విలువ తెచ్చుకొనుచున్నది అను ప్రశ్నయే రెండింటికిని మూలము.

ఆర్మూరు చుట్టుపట్ల రాముడు కొత్తవాడు కాడు. పట్టణమునకు తలకట్టువలె నిలిచిన నవనాథ సిద్ధుల గుట్టపై శివాలయముతోపాటు రామాలయమును ఉన్నది. జిల్లాలోని డిచ్‌పల్లి గుట్టమీది రామాలయము శిల్పసంపదకు పేరొందినది. ఇక నేటి పిల్లలకు జపాను బొమ్మలును కొత్తవి కావు. డోరేమాన్, షిన్‌చాన్ తెలుగు మాటలతో ఇంటింటి టెలివిజనులోనికి వచ్చి ఏండ్లు గడచినవి. ఆ బొమ్మల పేర్లు తెలిసినంతగా వాటిని గీసిన వారి పేర్లు తెలియవు. రాముడు ఎరిగినవాడే, జపాను బొమ్మ ఎరిగినదే. ఆ రెండింటిని ఒకచోట చేర్చిన మనిషి మాత్రము తెలుగు దేశమునకు అపరిచితుడు. ఆయన పేరు యూగో సాకో.

సాకో 1928లో జన్మించినారు. ఆయన మొదట బొమ్మల చిత్రములు తీసినవారు కారు; వార్తాచిత్రములు, యథార్థ చిత్రములు తీసి జపాను టెలివిజనుకు అందించినవారు. 1970 ప్రాంతమున తొలిసారి భారతదేశము చూచినారు. అది మొదలు మరల మరల వచ్చి, ఈ దేశమును గూర్చి అనేక చిత్రములు నిర్మించినారు. 1983లో ఉత్తరప్రదేశమున ఆచార్య బి. బి. లాల్ నేతృత్వమున జరుగుచుండిన పురావస్తు పరిశోధనలను చిత్రించుటకు ఆయన వెళ్ళినారు. అయోధ్య, శృంగవేరపురము, చిత్రకూటము మొదలగు స్థలములలో సాగిన ఆ త్రవ్వకములు రామాయణములోని ఊళ్ళతో ముడిపడినవి. మట్టిలోనుండి పైకి వచ్చిన కుండపెంకులను చిత్రించుటకు పోయిన మనిషికి ఆ మట్టిని అంటిపెట్టుకొన్న కథ కనబడినది. జపాను భాషలో లభించిన రామాయణ అనువాదములను పదింటి వరకు ఆయన చదివినారట. అప్పటినుండి ఆయన జీవితములో ఒక దశాబ్దము ఆ కథకే అంకితమైనది.

జపానుకు రామకథ పూర్తిగా పరాయిది కాదని ఇచట చెప్పుకొనవలెను. బౌద్ధముతో కలిసి చీనా మీదుగా ఆ కథ ఛాయలు ఆ దీవులను చేరినవి. 12వ శతాబ్దమునకు చెందిన హోబుత్సుషూ అను గ్రంథములో రామకథను పోలిన కథ యొకటి కానవచ్చును. అయినను అది పండితులు ఎరిగిన సంగతి. సామాన్య జపానీయునికి అయోధ్య యెక్కడనో తెలియదు. సాకో చేయదలచినది ఆ సామాన్యునికి కథ చెప్పుట.

అందుకు ఆయన బొమ్మల చిత్రమునే ఎన్నుకొనుటకు ఒక కారణము చెప్పినారు. రాముడు దేవుడు, ఆయన పాత్రను ఒక నటుడు ధరించుటకన్న చిత్రకారుని గీత ధరించుట మేలు అని ఆయన తలచినారు. ఈ మాట తెలుగు ప్రేక్షకునికి వింతగా తోచవచ్చును. తెలుగునాట వ్యవహారము దీనికి తలక్రిందులు. 1963లో ‘లవకుశ’ విడుదలైన పిమ్మట రాముడనగా నందమూరి తారకరామారావు ముఖమే కోట్ల మంది కన్నులలో నిలిచినది. ఇచట నటుడే విగ్రహమైనాడు. కాని సాకో వాదములోని సారము తేలికగా త్రోసివేయదగినది కాదు. నటుని ముఖమునకు ముందు పాత్రలుండును, వెనుక జీవితముండును, పై మీదకి వయస్సు వచ్చును. గీసిన ముఖమునకు ఆ కథ తప్ప వేరు జీవితము లేదు. చిత్రకారుడైన బాపు ‘సంపూర్ణ రామాయణము’ను 1971లోను, ‘సీతాకల్యాణము’ను 1976లోను తీసినప్పుడు నటులనే వాడినను, ప్రతి చట్రమును గీసిన బొమ్మవలె కూర్చినారు. అనగా సాకో కోరినదానిని తెలుగువారు మరియొక త్రోవన కొంత అందుకొనిరనియే చెప్పవలెను.

ఆలోచన మంచిదే, త్రోవ మాత్రము ముండ్లత్రోవ. ఒక దినపత్రికలో వచ్చిన వార్త అపార్థమునకు దారి తీయగా, పరదేశీయుడు రామాయణమును తన ఇష్టము వచ్చినట్లు చిత్రముగా తీయరాదని విశ్వహిందూ పరిషత్తు ఢిల్లీలోని జపాను రాయబార కార్యాలయమునకు నిరసన తెలిపినది. సాకో ఓపికతో తన ఉద్దేశమును వివరించి ఆ అపార్థమును తొలగించుకొన్నారు. తరువాత రెండు దేశముల ఉమ్మడి ప్రయత్నముగా చిత్రమును తీయవలెనని భారత ప్రభుత్వమును కోరినారు. రామాయణము సున్నితమైన విషయము, దానిని కార్టూనుగా చూపుట తగదు అను భావముతో ప్రభుత్వము వెనుకాడినది.

ఆ ‘కార్టూను’ అను మాటలోనే రెండు దేశముల నడుమ నున్న దూరమంతయు తెలియుచున్నది. ఈ దేశమున ఆ మాటకు అర్థము పిల్లల నవ్వులాట, లేక పత్రికలలో వచ్చు రాజకీయ వ్యంగ్యచిత్రము. జపానులో అట్లు కాదు. ఒసాము తెజుకా 1963 జనవరిలో ‘ఆస్ట్రో బాయ్’ ధారావాహికను టెలివిజనులో ప్రారంభించిన నాటినుండి, బొమ్మల చిత్రము ఆ దేశమున ఇంటిల్లిపాది చూచు కళ యైనది. ఆ తెజుకాయే బుద్ధుని జీవితమును పెక్కు సంపుటముల బొమ్మల కథగా గీసినవాడు. సాకో భారత ప్రభుత్వము వాకిట నిరీక్షించిన ఆ దశాబ్దముననే, 1988లో, ఇసావో తకహాతా యుద్ధములో అనాథలైన ఇద్దరు పిల్లల ఆకలిచావును ‘గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్’ అను బొమ్మల చిత్రముగా తీసినాడు. అదే సంవత్సరము హయావో మియజాకి ‘మై నైబర్ టోటోరో’ తీసినాడు. మరణమును, బాల్యమును, దైవమును గీతలలో చెప్పుటకు వెనుదీయని దేశమునుండి సాకో వచ్చినాడు. బొమ్మ అనిన తక్కువ అను తలపు ఆయనకు పుట్టనే లేదు.

చివరకు చిత్రము జపానులోనే తయారైనది. అందుకొరకే ఒక సంస్థ ఏర్పడి, 1990లో పని ప్రారంభమైనది. సుమారు 450 మంది కళాకారులు పనిచేసినారు. లక్ష వరకు చేతి బొమ్మలు గీయబడినవి. ఖర్చు 80 కోట్ల యెన్‌ల వరకు అయినదని చెప్పుదురు. ఈ అంకెల బరువు తెలియుటకు చిన్న లెక్క వేసి చూడవచ్చును. చిత్రము నిడివి 135 నిమిషములు. తెరపై సెకనుకు 24 చట్రములు పరుగెత్తును. అనగా మొత్తము చట్రములు 1,94,400. ఒక్కొక్క గీతను రెండేసి, మూడేసి చట్రముల పాటు నిలిపి శ్రమను పొదుపు చేయుట జపానువారికి అలవాటైన విద్య. ప్రధాన చిత్రకారుడు కదలిక మొదలును, తుదియు గీయును; నడుమ నుండు దశలను ఇతరులు పూరింతురు. రాముడు బాణము తొడుగుటకు చేయి ఎత్తినంత మాత్రమున ఒక గదిలోని మనుషులకు ఒక దినపు పని యగును.

ఈ పనిలో భారతీయుల చేయియు కలదు. చిత్రమునకు దర్శకులు ముగ్గురు: యూగో సాకో, కొయిచి ససాకి, రామ్ మోహన్. ఈ రామ్ మోహన్ 1956లో ఫిల్మ్స్ డివిజన్ కార్టూను శాఖలో చేరి, డిస్నీ సంస్థనుండి వచ్చిన క్లెయిర్ వీక్స్ వద్ద విద్య నేర్చినవారు. భారతీయ యానిమేషనుకు పెద్ద దిక్కని పేరు పొంది, 2014లో పద్మశ్రీ స్వీకరించి, 2019లో కాలధర్మము చెందినారు. పంచె ఎట్లు కట్టుదురు, పెద్దల ఆశీస్సును పిల్లలు ఎట్లు అందుకొందురు అను విషయములు జపాను చిత్రకారులకు తెలియవు. వాటిని చూపి దిద్దుటకు భారతీయ కళాకారులు తోడైనారు. సంగీతమును వనరాజ్ భాటియా సమకూర్చినారు. ప్రభుత్వములు చేయలేకపోయిన సంధిని కుంచెలు చేసినవి.

చిత్రము పూర్తియైన సమయము మాత్రము దుర్ముహూర్తము. 1992 డిసెంబరు 6న అయోధ్యలో బాబ్రీ మసీదు కూలినది; దేశమంతట రక్తము చిందినది. నెల గడచిన పిమ్మట, 1993 జనవరిలో, ఢిల్లీలో జరిగిన అంతర్జాతీయ చలనచిత్రోత్సవమున ఈ చిత్రము ప్రదర్శింపబడినది. రాముని పేరు వీధులలో నినాదమైన ఆ దినములలో, రాముని కథను నెమ్మదిగా చెప్పు చిత్రమునకు చిత్రశాలలలో చోటు దొరకలేదు. జపానులో సార్వజనిక విడుదల 1997లో గాని కాలేదు. హిందీ మాటల ప్రతిలో రామునికి అరుణ్ గోవిల్, రావణునికి అమ్రీష్ పురి గొంతులిచ్చినారు. అమెరికాలో 2000 తరువాత వేరొక పేరుతో మరియొక ప్రతి వెలువడినది. చిత్రము నిలిచినది మాత్రము టెలివిజను మూలముననే. సెలవు దినములలో వచ్చిన ఆ బొమ్మలను చూచిన పిల్లలు పెరిగి పెద్దవారై, 2023లో ‘ఆదిపురుష్’ మీద దుమారము రేగినప్పుడు, ‘ఆ పాత జపాను రామాయణమే మేలు’ అని తలచుకొన్నారు. సాకో అప్పటికి లేరు. 2012 ఏప్రిలులో ఆయన కన్ను మూసినారు. 2025లో చిత్రము మెరుగులు దిద్దుకొని వచ్చినప్పుడు, భారతీయ ప్రతికి రచనాపరమైన కూర్పును చూచినవారు తెలుగు కథారచయిత వి. విజయేంద్రప్రసాద్.

ఇంతవరకు చరిత్ర. ఇక విచారింపవలసినది దాని అర్థము. పరదేశీయుడు రామకథను తాకవచ్చునా అను ప్రశ్నను 1983లో అడిగినారు, నేటికిని అడుగువారున్నారు. దీనికి జవాబు వెదకుటకు పసుపు సీమయే తగిన చోటు. ఏలయనగా పసుపు విషయమున ఇట్టి తగవు నిజముగానే జరిగి, తీర్పును వచ్చినది. గాయములను మాన్పుటకు పసుపును వాడు పద్ధతి తాము కనుగొన్నదేయని చూపి, 1995లో అమెరికాలోని మిసిసిపి విశ్వవిద్యాలయపు వైద్యకేంద్రము ఒక పేటెంటు సంపాదించినది. వేలు తెగిన పిల్లవానికి పసుపు అద్దు తల్లి ఆర్మూరులో ఏ యింట లేదు? భారత శాస్త్రీయ, పారిశ్రామిక పరిశోధన మండలి పాత గ్రంథములను, పత్రికలను సాక్ష్యముగా చూపి ఎదిరింపగా, 1997లో ఆ పేటెంటు రద్దైనది.

పేటెంటు చేసినదేమి, సాకో చేసినదేమి? మొదటిది ఉన్నదానికి ఏమియు చేర్చలేదు. చేర్చకయే అది తనదని చెప్పుకొని, ఇతరులకు హద్దు గీయజూచినది. రెండవది పదేండ్ల శ్రమను చేర్చినది, చేర్చియు అది తనదని చెప్పుకొనలేదు, ఇతరులనెవ్వరిని వలదనలేదు. సాకో రామాయణము వచ్చినందున వాల్మీకికి గాని, రంగనాథ రామాయణమునకు గాని, మొల్లకు గాని ఒక్క అక్షరము తరుగలేదు. దొంగతనమునకును సేవకును భేదము మనిషి పుట్టిన దేశములో లేదు. చేసిన పనిలోను, వేసిన హద్దులోను ఉన్నది. పేటెంటును ఎదిరించుట ఎంత న్యాయమో, సాకోను అడ్డగింపజూచుట అంత అన్యాయము. రెండింటిని ఒకే గాటకట్టి ‘పరాయివాడు’ అని కేక వేయుట సులభమే గాని వివేకము కాదు.

తెలుగు సంప్రదాయమే ఇందుకు సాక్షి. తోలుబొమ్మలాట యనగా కదలు బొమ్మలతో తెరపై కథ చెప్పుట. యానిమేషను అను మాట పుట్టకముందే తెలుగు పల్లెలు రాత్రులంతయు మేల్కొని ఆ కళను చూచినవి. ఆ తెరల మీద రంగనాథ రామాయణమును పాడి ఆడించిన కుటుంబములలో పెక్కింటికి ఇంటి భాష మరాఠీ. శ్రీ సత్యసాయి జిల్లాలోని నిమ్మలకుంట కళాకారులు నేటికిని ఇంట మరాఠీ మాటలాడి, తెర వెనుక తెలుగు పద్యము చదువుదురు. నిమ్మలకుంటకు చెందిన దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ లభించినది. పరభాషవారు ఆడించిన రాముని చూచి తెలుగు పల్లె ఏనాడును తలుపు మూయలేదు. జపాను చిత్రకారుని రాముడును ఆ వరుసలోనివాడే.

అయితే సాకోను మెచ్చుకొని ఊరకుండుటతో విషయము తీరదు. ఆయన చిత్రము తెలుగువారికి ఒక అద్దము కూడ. అందులో కనబడు ముఖము అంత నిండుగా లేదు.

హైదరాబాదులో బొమ్మల పనికి కొరత లేదు. 2008లో టెలివిజనుకు వచ్చి దేశమందలి పిల్లలకు చుట్టమైన ‘ఛోటా భీమ్’ను సృష్టించిన రాజీవ్ చిలక సంస్థ ఇచటిదే. ‘జంగిల్ బుక్’ ధారావాహికను విదేశీయులతో కలిసి తీసిన డీక్యూ సంస్థయు ఇచటిదే. 2012లో వచ్చిన ‘లైఫ్ ఆఫ్ పై’లోని పులికి ప్రాణము పోసిన అమెరికా సంస్థ తన పనిలో కొంత హైదరాబాదు శాఖలో చేయించినది. ఆ చిత్రమునకు ఆస్కారు బహుమతి వచ్చిన 2013 ఫిబ్రవరి మాసముననే ఆ సంస్థ దివాలా ప్రకటించినది. చేయి ఇచటిది, కథ అచటిది. కీర్తి ఒకరిది, జీతము నిలిచిపోవునేమో యను భయము మరియొకరిది. ఇది ఆ రంగమున సామాన్యముగా సాగు కూలి పద్ధతి.

ఆర్మూరు రైతుకు ఈ పద్ధతి విడమరచి చెప్పనక్కరలేదు. తొమ్మిది నెలలు పొలములో పెంచి, తవ్వి, ఉడికించి, ఎండబెట్టి, మెరుగు పెట్టి, కొమ్మును గోళను వేరుచేసి, నిజామాబాదు యార్డుకు తోలుకొని పోవును. అచట ధర గిట్టనిచో మహారాష్ట్రలోని సాంగ్లీ దాక లారీ కట్టును. పొడి యగుట, పొట్లమగుట, మందగుట, రంగగుట, పేరు పెట్టుకొని అంగడి కెక్కుట మరియొకచోట జరుగును. పసుపు రకములలో ‘ఆర్మూరు’ అను పేరిట ఒక రకమే ఉన్నను, పట్టణములో పొట్లము కొనునప్పుడు ఆ పేరు ఎవరికిని కనబడదు. పసుపు బోర్డు కావలెనని రైతు అడిగినది ధర కొరకే కాదు. తన సరుకు తన పేరుతో లోకమునకు పోవలెనని. బోర్డు ప్రధాన కార్యాలయము 2025 జూన్ 29న నిజామాబాదులో ప్రారంభమైనది. అది ఆ కోరికను ఎంతవరకు తీర్చునో రాబోవు పంటలు చెప్పును.

ఈ పోలికకు ఒక హద్దు కలదు. పసుపు అమ్ముడుపోయిన పిదప రైతు వద్ద ఉండదు. కథ ఎందరు తీసికొన్నను తరుగదు. కావున జపాను రామాయణము వచ్చినందున తెలుగువారు ఏమియు పోగొట్టుకొనలేదు. పోగొట్టుకొనుచున్నది వేరు: తామే గీయగల శక్తి యుండియు గీయని కాలము. తెలుగులో ప్రయత్నములు లేకపోలేదు. బి. సత్య దర్శకత్వమున వచ్చిన ‘కిట్టు’ 2006 సంవత్సరపు ఉత్తమ యానిమేషను చిత్రముగా జాతీయ బహుమతి పొందినది. సింగీతం శ్రీనివాసరావు 2008లో ‘ఘటోత్కచ్’ తీసినారు. అవి ఒంటరి దీపములుగానే మిగిలినవి. వాటి వెనుక వరుస సాగలేదు.

వరుస ఎందుకు సాగలేదు అను ప్రశ్నకు జపానే జవాబు చెప్పుచున్నది. అచట బొమ్మల చిత్రము గాలిలో పుట్టదు. వారము వారము వెలువడు బొమ్మల కథల పత్రికలు లక్షల పాఠకులను తయారు చేయును. పత్రికలో నిలిచిన కథ టెలివిజనుకు, టెలివిజనులో నిలిచిన కథ చిత్రశాలకు ఎక్కును. 2025 సెప్టెంబరులో ‘డీమన్ స్లేయర్’ చిత్రము తెలుగు మాటలతో కూడ వచ్చి, యువకులను గుంపులు గుంపులుగా చిత్రశాలలకు రప్పించినది ఆ విధముగా పండిన పంటయే. తెలుగువారికి అట్టి నారుమడి ఒకటి ఉండెడిది. 1947 జులైలో నాగిరెడ్డి, చక్రపాణి ప్రారంభించిన ‘చందమామ’లో చిత్ర, శంకర్, వడ్డాది పాపయ్య గీసిన బొమ్మలు చూచి తరములు పెరిగినవి. ఆ పత్రిక 2013 నాటికి ఆగిపోయినది. నారుమడి ఎండిన పిమ్మట పొలము పచ్చగా లేదని చింతించుట ఏమి న్యాయము?

2025 జులైలో వచ్చిన ‘మహావతార్ నరసింహ’ మాత్రము ఒక కొత్త మాట చెప్పినది. అశ్విన్ కుమార్ దర్శకత్వమున ఈ దేశమున తయారైన ఆ బొమ్మల చిత్రమునకు తెలుగు ప్రేక్షకులు కుటుంబములతో తరలి వచ్చినారు. బొమ్మల చిత్రమునకు పెద్దలు రారు అను పాత మాట ఆనాటితో చెల్లిపోయినది. ‘బాహుబలి’ కథాలోకమును బొమ్మల చిత్రముగా విస్తరించు ప్రయత్నము అదే సంవత్సరము ప్రకటింపబడినది. ప్రభుత్వములును మేల్కొన్నవి: 2025 మే మాసమున బొంబాయిలో దృశ్య, శ్రవ్య రంగముల పెద్ద సమావేశము జరిపి, ఈ విద్యకై ఒక జాతీయ సంస్థను తలపెట్టినారు.

ఆశకు కారణమున్నది, జాగ్రత్తకును కారణమున్నది. పురాణము ఫలించినది గదా యని అందరును పురాణముల మీదనే పడినచో, పసుపు ధర పెరిగిన మరుసటి ఏట అందరును పసుపే వేసినట్లగును. ధర ఏమగునో రైతుకు తెలుసు. సాకో గొప్పదనము రామాయణమును ఎన్నుకొనుటలో లేదు; ఎన్నుకొన్న కథపై పదేండ్లు నిలుచుటలో ఉన్నది. తకహాతా, మియజాకి పురాణములను పట్టుకొని పెద్దవారు కాలేదు. తమ వీధి, తమ వాన, తమ ఊరి చెట్టు, తమ యుద్ధము గీసి పెద్దవారైనారు. మియజాకి చిత్రములకు 2003లోను, 2024లోను ఆస్కారు బహుమతులు వచ్చినవి. తెలుగు చిత్రకారునికి గీయదగినవి అంతకు తక్కువ లేవు. ఆర్మూరు నుండి 44వ జాతీయ రహదారిపై ఉత్తరమునకు పోయి గోదావరి దాటినచో నిర్మల్ వచ్చును. పొణికి కర్రతో బొమ్మలు చేయు నకాషీ కళాకారులు నేటికిని అచట ఉన్నారు. సిద్దిపేట జిల్లాలోని చేర్యాలలో వస్త్రముపై వరుస చిత్రములు గీయు ఇండ్లు కొన్ని ఇంకను మిగిలినవి. గజముల పొడవున చుట్టలు విప్పుచు, బొమ్మ వెంబడి బొమ్మ చూపుచు, కులపురాణములు చెప్పిన పటము కథల సంప్రదాయము అది. సెకనుకు 24 చట్రములు లేకపోయినను, బొమ్మను కదలించి కథ నడపు తెలివి అందులో ఉన్నది. ఆ గీతను, ఆ ఎరుపును, ఆ నీలమును హైదరాబాదు యంత్రముల ముందు కూర్చున్న యువకులు నేర్చినచో, వారు గీసిన బొమ్మ ఏ దేశమున ఆడినను ఎక్కడిదో చూచినవారికి తెలియును.

ఇందుకు కావలసినవి మూడు. పిల్లలు చదువుటకు బొమ్మల పత్రికలు. ఏండ్ల తరబడి ఒకే పనిపై నిలుచుటకు కళాకారునికి జీతము. తొలి చిత్రము తప్పినను రెండవ దానికి డబ్బు పెట్టు ఓర్పు. మొదటిది పత్రికాధిపతుల బాధ్యత, రెండవది సంస్థలది, మూడవది ప్రభుత్వమునది, ధనవంతులది. ప్రేక్షకుని బాధ్యత అన్నిటికన్న చిన్నది, అన్నిటికన్న ముఖ్యమైనది: మంచి బొమ్మ వచ్చినప్పుడు టిక్కెట్టు కొనుట. సాకో చిత్రమునకు ఆనాడు లేకపోయినది అదియే. 450 మంది శ్రమించినారు; చూచువారి కొరకు ఆ చిత్రము ముప్పది రెండేండ్లు వేచినది.

ఆయన తీసిన చిత్రము సంపూర్ణమని ఎవరును చెప్పరు. ఇరువది నాలుగు వేల శ్లోకముల కథను రెండుంబావు గంటలలో కుదించినప్పుడు జారిపోవునవి పెక్కు. విశ్వామిత్రుడు వచ్చి రాముని కొనిపోవుట మొదలు రావణవధ వరకు కథ పరుగెత్తును. ఉత్తరకాండకు చోటే లేదు. రాముని ముఖములో అయోధ్య కన్న టోక్యో ఎక్కువ కనబడుచున్నదని అనువారు అనవచ్చును. అయినను తన మతము కాని కథను, తన భాష కాని కథను, ఎవరును అడుగకయే భుజమున వేసికొని, అవమానమును నష్టమును ఓర్చి, ఒకరిని నిందింపక ముగించిన మనిషి పని అది. కథ ఎవరిదను తగవు వచ్చినప్పుడెల్ల, పత్రమెవరి వద్ద నున్నదని కాక, పని ఎవరు చేసిరని అడుగుట మంచిది. దున్నినవానిదే భూమి యని నమ్మిన నేలలో ఈ మాట కొత్తది కాదు.